రెండో చారుడు

మా తాత కొమ్ము దువ్వెనలు చేసేవాడు.
పర్లాకిమిడిలో, కోట వెనక సందులో,
గేదెకొమ్ము కాగిన వాసన
మా ఇంటిపేరు కన్నా ముందు ఎదురొచ్చేది.
ఆయన అమ్మిన వాటిల్లో ఒక్కటే
తిరిగి ఇంటికొచ్చింది, మూడు పళ్ళు విరిగి.
గురుగుబెల్లి లోకనాథానిది.

లోకనాథం ఎవరో మీకు తెలీదు.
కరపత్రాల్లో ఆయన పేరు ఎప్పుడూ
"మరియు ఇతరులు".

పదమూడో ఏట చెలికత్తె.
నడుం దాకా సొంత జుట్టు.
సవరం ఖర్చు తప్పిందని కంపెనీ కామందు మురిశాడు.
నెలకి నాలుగు రూపాయలు, రెండు పూటలా గంజన్నం,
రాత్రికి మొహం నిండా అర్దళం.
వింజామర వీస్తూ వీస్తూ
రాణి పద్యాలన్నీ నోటికి పట్టేశాడు.
ఆ రాణికి
ఒక్క రాత్రయినా జలుబు చెయ్యలేదు.

పదిహేడుకి గొంతు పగిలింది.
క్షవరం చేయించుకుని నేరుగా మా అరుగు దగ్గరకొచ్చి
"ఇక నాకేటికి, ఉంచీసుకో" అన్నాడు.
పళ్ళ మధ్య రెండు పొడుగాటి వెంట్రుకలు.
మా అవ్వ వాటిని తియ్యనిచ్చేది కాదు.
ఎందుకని ఎవరూ అడగలేదు.

ఆ తరవాత రెండో చారుడు.
మొదటి చారుడొచ్చి యుద్ధం మొదలయిందంటాడు.
రెండో చారుడొచ్చి యుద్ధం పోయిందంటాడు.
ఆ రెంటి నడుమ రెండున్నర గంటలు
తెర పక్కన, చెక్క బల్లెం పట్టుకుని,
దోమలు కొట్టుకుంటూ.
ఒక సీసం, దాని కింద ఎత్తుగీతి.
పద్దెనిమిదేళ్ళు అదే.

చిన్న రైలు గుణుపురం దాకా పడిన కొత్తలో
ఓ రాత్రి నాయకుడు రాలేదు.
బెజవాడ నించి దింపిన నాయకుడు,
అతని కిరీటాల పెట్టె, అతని తమలపాకుల పెట్టె,
కాశీనగరం దగ్గర నీళ్ళు చాలని ఇంజను వెనక ఆగిపోయారు.
వంశధార ఇసకలో పందిరి.
కొండ దిగొచ్చిన సవరలు, పొగాకు షావుకార్లు,
ముందు వరసలో ఒడియా గుమస్తాలు.
కామందు లోకనాథం చెవిలో చెప్పాడు:
"బండి కూసేదాకా ఆపకు."

ఆపలేదు.
"వన్స్‌మోర్!" మళ్ళీ ఎత్తుకున్నాడు.
పదకొండు సార్లు.
మోహనలో పాడితే ఈలలు వేశారు.
ఏడోసారి అదే ఓటమిని ముఖారిలో తీస్తే
ఒక ఒడియా గుమస్తా, మాట ఒక్కటీ తెలీకుండానే,
కండువాలో మొహం పెట్టుకున్నాడట.
మొదటి వన్స్‌మోర్ కామందు బావమరిదిదని అందరికీ తెలుసు.
మిగతా పదీ ఎవరివి?
చచ్చేదాకా వేళ్ళు మడిచి లెక్కేసుకునేవాడు.

బండి కూసింది.
మూడో పాదం సగంలో
తెర దించేశారు.

ఆ తరవాత ఊరికి టాకీ డేరా వచ్చింది.
కంపెనీ తెరలు నర్సన్నపేట సంతలో
పెసల బస్తాలకి పోయాయి.
లోకనాథానికి కచేరీలో టముకు వేసే పని దొరికింది.
జీతం మళ్ళీ నాలుగు దగ్గరే మొదలు.

ముప్పయ్యారు. ఏప్రిల్ ఎండ.
"ఇందుమూలముగా యావన్మంది ప్రజలకు తెలియజేయడమేమనగా
నేటి నించి ఈ ఊరు ఒరిస్సా రాష్ట్రములో..."
తెలుగులో ఓసారి, ఒడియాలో ఓసారి.
కొందరు మిఠాయి పంచారు. కొందరు తలుపులేసుకున్నారు.
మా సందు మలుపులో మాత్రం
రెండూ చెయ్యని వాళ్ళు ఊరికే నిలబడ్డారు.

అప్పుడు ఎక్కణ్ణించో
"వన్స్‌మోర్!"

మా తాత గొంతేనని వీధంతా అంటుంది.
ఆ పూట తను సంతకి వెళ్ళానని తాత ఒట్టు వేసేవాడు.
అవ్వ ఏమీ అనేది కాదు.

లోకనాథం టముకు కింద పెట్టాడు.
ఒక కాలు ముందుకేశాడు.
చెవి మీద చెయ్యి మూసుకుని
సర్కారు కాగితాన్ని
ముఖారిలో ఎత్తుకున్నాడు.
చివరి మాట దగ్గర రాగం
లాగుతూ, లాగుతూనే ఉన్నాడట,
రావలసిన బండి
ఏదీ లేకపోయినా.