కత్తిరించిన అంచు

గోరంతను కొండంత చెయ్యడమే నా బతుకుతెరువు.
క్లర్కెన్‌వెల్‌లో, చర్చి వెనక నేలమాళిగలో,
ముప్పై ఒక్క ఏళ్లు ఎర్రదీపం కింద
ఊళ్లకు ఊళ్లను నీళ్లలోంచి పైకి తీశాను.
మంత్రసానిలా ఎన్నో ముఖాలకు తొలి చూపు నాదే.
ఒక్కరి గొంతూ నాకు తెలియదు.

పెంబర్‌టన్ గారు డెబ్బై ఎనిమిదిలో
సండర్‌లాండ్ నుంచి పదకొండు రీళ్లు తెచ్చారు.
మంచి మనిషి. కోటు జేబులో ఎప్పుడూ పిప్పరమెంట్లు.
ఓడల యార్డు మూతపడబోతోందని చెబుతుంటే
ఆయన గొంతు నిజంగానే బొంగురుపోయింది.
ఇదీ రాయాలి. రాయకపోతే అన్యాయం.

నాలుగో రీలు, పంతొమ్మిదో ఫ్రేము.
కిటికీ పక్కన ఒకావిడ.
ఒళ్లో చేతులు, ఎటో చూపు.
వెనక గోడ మీద చెమ్మ, పేరులేని దేశపు పటంలా.
కుడివైపు పంజరంలో తెల్లటి చిలక,
పంజరం కింద కొత్త టెలివిజన్,
టెలివిజన్ మీద అల్లిక గుడ్డ,
గుడ్డ మీద పింగాణీ గాడిద.
అంచున సగం తెగి ఎవరో పిల్లాడి చెయ్యి,
జామ్ పూసిన రొట్టె ముక్కతో.

పత్రిక ఎడిటర్ ఫోన్ చేశాడు:
"టీవీ తీసెయ్. చదివేవాళ్లు
జాలి పడేముందు వాయిదాల లెక్క అడుగుతారు."

టీవీ పోతే గాడిద పోయింది. గాడిదతో పంజరం.
పంజరంతో పాటు పిల్లాడి చెయ్యీ, రొట్టే.
మిగిలింది ఒక స్త్రీ, ఒక కిటికీ, చెమ్మ.
అదీ చాలదని, ఎవరూ చెప్పకుండా, నేనే
మూలలకు ఇంకో పన్నెండు సెకన్లు వెలుగు పోశాను.
మా కాగితం తీరే అంత,
వెలుగు పోసిన కొద్దీ చీకటి పడుతుంది.

దేశం చూసింది.
ఆ పేజీని కౌన్సిల్ సమావేశంలో ఎవరో పైకెత్తి ఊపారట.
ఆ వీధికి కొత్త పైకప్పులు వచ్చాయట కూడా.
బొమ్మ కింద పేరు వెయ్యలేదు,
"ఓడల కార్మికుని భార్య" అన్నారు.

ఎనిమిదేళ్లకు ఉత్తరం వచ్చింది.
గీతల కాగితం, నీలం సిరా, హిల్డా రట్లెజ్ అని సంతకం.
డబ్బు అడగలేదు. తిట్టలేదు.
చేపల డబ్బాల ఫ్యాక్టరీలో తను సూపర్‌వైజరునని
ఒక వాక్యంలో చెప్పి వదిలేసింది.
"ఆ రోజు పొయ్యి మీద కెటిల్ పెట్టి
కూత కోసం చెవి వేసి ఉన్నాను,
మీ ఫొటోల ఆయనకి టీ ఇద్దామని.
పత్రికలో చూస్తే లోకం మునిగినదానిలా ఉన్నాను.
సరే, పోనివ్వండి.
మా కెప్టెన్ నా పక్కనే ఉండాలే, పంజరంలో?
పోయిన అక్టోబరులో చచ్చిపోయాడు.
వాడి ఫొటో మా దగ్గర ఇంకొకటి లేదు."

ఆ రాత్రి ఫ్రేమంతా ప్రింటు తీశాను.
చెయ్యి దాని అలవాటు అది చేసుకుపోయింది.
ట్రే ఊపుతుంటే ముందుగా తేలింది టీవీ,
తర్వాత గాడిద చెవులు, పిల్లాడి వేళ్లు.
చిట్టచివర కెప్టెన్,
కాస్త కదిలి, అలికినట్టు,
ఆ గది మొత్తంలో ఊపిరి పీల్చింది వాడొక్కడే అన్నట్టు.

మొన్న గ్యాలరీకి వెళ్లాను.
గోడ మీద ఉన్నది కత్తిరించినదే, పెద్ద చట్రంలో.
టీచరు పిల్లల్ని వరసగా నిలబెట్టి
"ఆమె కళ్లలో ఏముంది?" అని అడిగింది.
నిరాశ, అని అందరూ పుస్తకాల్లో రాసుకున్నారు.
ఒకడు మాత్రం బాత్‌రూమ్ ఎటు అని అడిగాడు.

నేను ఏమీ అనలేదు.
హిల్డా రెండో ఉత్తరం నా పర్సులో ఉంది,
మడతల దగ్గర చిరుగుతోంది.
"కెప్టెన్ బాగా వచ్చాడు. చాలా థాంక్స్.
ఒక్క మాట, పరదాలు అంత నల్లగా ఎందుకున్నాయి?
అవి తెల్లవి.
సోమవారం సోమవారం ఉతికేదాన్ని."