దేన్ని?

అహేరి కోర్టు గేటు పక్కన నా జిరాక్సు మిషిను.
కాయితానికి రెండు రూపాయలు,
రెండు దిక్కులకైతే మూడు.
నల్లపొడి గోర్ల సందుల్ల ఇరుక్కొని
ఎంత సబ్బు రుద్దినా పోదు.
అందరి కేసులూ నా చేతుల కిందికెల్లే పోతయి,
నేనేదీ చదవ.
చదివితే మిషిను ఆగుతది.

ఆ రోజు బంట్రోతు ఉరికొచ్చిండు:
"అక్కా, తెలుగొచ్చినోళ్లు కావాల్నట, సాయెబు పిలుస్తుండు."
ఈ ఊర్ల తెలుగు రానిదెవరికి?
చాయ్ పోసేటోనికొచ్చు, బంట్రోతుకే వచ్చు,
బోనుల నిలబడ్డోనికి అదొక్కటే వచ్చు.
కానీ మరాఠీల రాసి సంతకం పెట్టేటోళ్లు కావాలె.
అట్ల నన్ను.

అంకీసకెల్లి జాడి లస్మయ్య.
ఇరవై రెండు నెలలు చంద్రపూర్ జైల్ల.
ఎవరేమన్నా తలాడిస్తడు,
వానొచ్చేటట్టున్నదంటే ఊపినట్టు.
ఆ ఊపుడునే ఒప్పుకున్నడని రాసుకున్నరు.

కొత్త సాయెబు, పడుచు మనిషి, కండ్లద్దాలు తీసి
ఒక్క మాట అడిగిండు:
ఇదంతా ఇతనికి ఇతని భాషల
ఎవరన్నా చదివి చెప్పిండ్రా?
ఫ్యాను తిరిగిన సప్పుడు.
సర్కారు వకీలు కాయితాలు తిప్పిండు,
జవాబు ఏదో పేజీల ఉన్నట్టు.

నాతోని ప్రమాణం చేయించిండ్రు:
కలపొద్దు, తీసెయ్యొద్దు,
ఉన్నదున్నట్టు చెప్పాలె.
సరే, అది నా మిషిను పనే గదా అనుకున్న.

పోలీసు కాయితం చదివిన.
తెలుగుల ఆయనన్న మాట "నేనే కొట్టిన".
రాసుకున్న జమాదారు భండారా దిక్కోడు, "మార్లే" అన్నడు.
మార్లే అంటే కొట్టుడూ అయితది, చంపుడూ అయితది.
అక్కడికెల్లి ఇంగ్లీషుకు పోయినంక
గార్డును చంపబోయిండు అని అయింది.
ఒక్కొక్క ఒడ్డు దాటినప్పుడల్లా
మాటకు ఒక్కొక్క కత్తి మొలిచింది.

అడిగిన: "నువ్వే కొట్టినవా?"
"ఆఁ, నేనే కొట్టిన."
టైపు చేసేటామె చేసింది. అయిపాయె.
ఉన్నదున్నట్టే చెప్పిన. ఏం కలపలే.
నా నోట్లకెల్లి కూడా
వేడి వేడిగ నకలు దిగింది.

అప్పుడు నోరు నన్నడగకుంటనే తెరుసుకున్నది:
"దేన్ని?"

లేచిండు సర్కారు వకీలు.
అది ఆమె పని కాదు,
ఆమె చెప్పేదే గానీ అడిగేది కాదు.
నిజమే. నాకు కాళ్లు వణికినయి.
సాయెబు పెన్నుకు టోపీ పెట్టి, మళ్లీ తీసి,
"అది నేనడిగిన ప్రశ్న అనుకోండి" అన్నడు.

లస్మయ్య మొదటిసారి తలాడియ్యలే.
నా దిక్కు చూసిండు,
సంతల ఎవరో ఇంటిపేరుతోని పిలిచినట్టు.
"దేన్నంటే? మద్ది కొమ్మను.
ఎండింది. అత్త దినాలకు పొయ్యిలకు కట్టె లేకుండె.
గొడ్డలి అక్కడ్నే ఇడిసిపెట్టి వచ్చిన, అది నా తప్పే.
గార్డు సారు పడ్డ సంగతి
జీపుల ఎక్కించినంకనే నాకు ఎరుకైంది."

మనం విచారణ అంటం, వాళ్లు సునావణి అంటరు.
అడుగుడు ఒకటి, వినిపించుడు ఒకటి.
ఇరవై రెండు నెలల్ల రెండూ కాలే,
ఆ పది నిమిషాల్ల కొంచెం కొంచెం అయినయి.

ఆయన చెప్పింది నిజమో కాదో నాకు తెల్వది.
గార్డు మడావి ఇప్పటికీ కాలు ఈడ్సుకుంటనే నడుస్తడు,
మందుల చీటీలు నా దగ్గర్నే జిరాక్సు తీయించుకుంటడు.
ఆయన మాట కూడా ఎవరన్నా వినాలె గదా.

విడుదలేం కాలే. తారీకు పడ్డది, శ్రావణం పోయినంక.
కానీ కాయితంల ఇప్పుడు కొమ్మ ఉన్నది,
మరాఠీల, నా సంతకం మీద.

సాయంత్రం ఆ పేజీ నకలు కావాల్నని
లస్మయ్య బిడ్డ వచ్చింది.
రెండు రూపాయల బిళ్ల అద్దం మీద పెట్టింది.
మిషిను ఆపిన.
మొదటికెల్లి ఆఖరు దాంక
ఆమెకు తెలుగుల చదివి వినిపించిన.
లైన్ల ఉన్నోళ్లు తిట్టుకుంట నిలబడ్డరు.