గట్టయ్య గొంతు

సినిమాల సంగతి నాకు తెల్వదు.
కాశిబుగ్గల మైకుసెట్టు దుకాణం నాది,
పెండ్లిళ్లకు, బోనాలకు, ఓట్ల మీటింగులకు
రెండు హారన్లు, ఒక ఆంప్లిఫయరు.
గొంతుల సంగతి అడుగుండ్రి, చెప్త.

తొంబై ఎనిమిది మేడారం జాతరల
మంచె మీద మూడు రాత్రులు గట్టయ్యే నా మైకు.
కోళ్ల అరుపులు, శివసత్తుల పూనకాలు,
ఎర్రదుమ్ము, బెల్లం మీద ఈగలు,
వీటన్నిటి మీదికెళ్లి వాడు:
"గూడూరు నుంచి వచ్చిన ఐలమ్మా,
నీ బిడ్డ మాకాడనే ఉన్నది,
ఎర్ర లంగ, చేతిల కొబ్బరిచిప్ప,
ఏడుస్తలేదు, నువ్వు ఏడవకు,
మెల్లగ రా."

ఆ "మెల్లగ రా"
నేను రాసిచ్చిన కాయితం మీద లేకుండె.

గా గొంతు ఇన్నోళ్లే
నీది సినిమా మొఖంరా అన్నరు.
కాజీపేటల పాసింజరెక్కిండు.
కృష్ణానగర్ల గది,
ముగ్గురికి ఒక్కటే ఇస్త్రీ అంగి,
ఎవనికి పిలుపొస్తే వానికి.

మొదటి సినిమా హన్మకొండల ఆడితే
పదకొండు మందిమి పోయినం.
రౌడీ ఎనుక ఎడమదిక్కు మూడోవాడు.
ఇంటర్వెల్ ముంగట నోరు తెరిచిండు,
లోపలికెళ్లి
ఎవనిదో గొంతు వచ్చింది.
నేను ఏసిన ఈల
పండ్ల నడుమనే ఆగింది.

"నీ యాస నవ్వియ్యనీకె పనికొస్తది,
ఏడిపియ్యనీకె రాదు" అన్నడట డైరెక్టరు.
గట్టయ్య నాకు నవ్వుకుంటనే చెప్పిండు.

పందొమ్మిదేండ్లు.
కానిస్టేబులు, పెండ్లికొడుకు మేనమామ,
అంబులెన్సు డ్రైవరు, రెండు పీనుగులు
(పీనుగులకే డబ్బింగు లేదు,
ఆ రెండే పూర్తిగ నావి అనేటోడు).
తర్వాత సీరియలు.
పట్టు జుబ్బ, మేడమెట్లు,
ఒక్క అనుమానపు చూపు ముమ్మారు, ఉరుముతోని సహా.
లక్ష్మీపురం మార్కెట్ల ఒక అవ్వ
"ఆ పిల్లను గట్ల ఏడిపిస్తవా" అని
టమాటలు తూకంలకెళ్లి తీసేసింది.
ఆ ఏడు ఇంటికి స్లాబు పడ్డది.

వానికి గొంతిచ్చేటాయనను ఒక్కపారి కలిసిండట.
ఎదురెదురుగ కూసొని
ఏం మాట్లాడాల్నో తెల్వక
ఇద్దరు చాయ తాగి లేచిండ్రట.

ఇగ గాలి మళ్లింది.
ఇప్పుడు అందరికి మన మాటే కావాలె.
తండ్రి ఏషం, నాలుగు సీన్లు,
"మీ ఊర్ల మాట్లాడినట్టే మాట్లాడుండ్రి సార్" అన్నడు
మీసం సరిగ రాని పిల్లగాడు.
గట్టయ్య మాట్లాడిండు.
"సార్, సీరియల్ లెక్కున్నది" అన్నడు పిల్లగాడు,
మర్యాదతోనే.

ఆ రాత్రి షట్టర్ సగం దించినంక వచ్చిండు.
"ఓదెలూ, జాతర క్యాసెట్టున్నదారా?"
టేపు సాగింది, పెన్సిలు పెట్టి చుట్టిన.
హారన్ కాదు, చిన్న స్పీకరే పెట్టిన.
కోళ్లు. దుమ్ము గూడ ఇనబడ్డట్టే ఉన్నది.
తర్వాత వాడు, ఇరువై ఏడేండ్లోడు.

నడీడు గట్టయ్య స్టూలు మీద కూసొని
వాని ఎనుకెనుక అన్నడు
బడిపిల్లగాని లెక్క:
ఏడుస్తలేదు, నువ్వు ఏడవకు.
మల్ల అన్నడు.
మల్ల.
"మెల్లగ రా" కాడ ఆగిండు.
అది ఒక్కటి అనలే.

ఏషం దొరికిందా లేదా నన్ను అడుగకుండ్రి.
పోయేటప్పుడు చెప్పులేసుకుంట
ఒక్క మాట అడిగిండు:
"ఆ పిల్ల తల్లి వచ్చిందారా?"

యాదికి లేదు.
టేపు అక్కడికే అయిపోయింది.