తొడలో కుండ

పెనుమూరు భారతంలో
పద్దెనిమిదో నాటి దుర్యోధనుణ్ణి
మా నాయన చేసేవాడు.
ముప్పై అడుగుల మట్టి, వెల్లకిలా.
మీసానికి బొగ్గు, కోరలకు సున్నం.
నేను నీళ్లు మోసేదాన్ని.
తొడలో ఎర్రనీళ్ల కుండ దాచి
పైన పల్చగా మెత్తేవాడు.
"ఒక్క దెబ్బకే పగలాల మే.
ముందే పగిలితే నా తప్పు,
పగలకుంటే భీముని మానం పోతాది."

ఇప్పుడు నా పేరు తెరమీద పడుతుంది
రెండు సెకన్లు,
ఆలస్యంగా వచ్చినవాళ్లు సీటు తడుముకునేటప్పుడు.
ఇరవై రెండేళ్లు.
సీరియళ్లకు మేడలు కట్టాను,
మెట్లుంటాయి, పైన గది ఉండదు.
థర్మాకోలుకు వెయ్యేళ్ల వయసు పూశాను.
చిత్తూరు బెల్లం మండీని హైదరాబాదులో వేశాను,
ఈగలు తప్ప అన్నీ కుదిరాయి.

మొన్న పూతలపట్టు దగ్గర షూటింగు.
గోడ ఒకే టేకులో కూలాలన్నారు.
ప్లైవుడ్డు వెనక వేళ్లతో నిమురుతూ
పల్చన చేయాల్సిన చోటు వెతికాను.
కూలింది.
అందరూ హీరోకు చప్పట్లు కొట్టారు.

నాయన బొమ్మ పగిలాక
ఆడవాళ్లు ఎగబడి
కొంగుల్లో మట్టి మూట కట్టుకునేవాళ్లు,
గాదెలో వేస్తే గింజ తరగదని.
నా గోడను మేనేజరు
అడుగుల లెక్కన పాతసామాన్లలో రాసుకున్నాడు.

లారీకి ఎక్కించేటప్పుడు
వడ్రంగి మునికన్నయ్య తల గోక్కున్నాడు.
"ఆ తలుపు నాకిస్తావా అక్కా?"
టేకులాగా రంగేసిన అట్ట తలుపు.
పూసింది నేనే, చెక్కింది తనే.
"వానకు నిలవదయ్యా."
"మా ఊర్లో వాన యాడుందక్కా."