నలుగురిలో మూడోదాన్ని

సీరియల్‌కి నలుగురు కావాలన్నారు.
"నలుగురూ ఏమనుకుంటారే తల్లీ" అని
పిల్ల తండ్రి గుండె పట్టుకున్నప్పుడల్లా
కెమెరా తిప్పి చూపించడానికి
అచ్చంగా ఓ నలుగురు.

కంచరపాలెం నుంచి నేనూ, నూకరత్నమూ,
గోపాలపట్నం సన్యాసమ్మ,
పోర్టులో రిటైరైన ఎర్నిబాబు గారు.
రోజుకి ఆరొందలు, మధ్యాహ్నం పులిహోర.
మాటల్లేవు.
చెంగు నోటికడ్డం పెట్టుకుని
పక్కమనిషి చెవిలో ఏదో ఒకటి గొణగాలి.
"మీరే సమాజం," అన్నాడు డైరెక్టరు బాబు,
"కనుబొమ్మలు ఇంకాస్త పైకి."

కథేటంటే
భీమిలి రోడ్డులో పిల్ల ఎవరితోనో
ముంతమసాలా తింటే ఎవరో చూశారు.
బుధవారం చూస్తే శుక్రవారం పెళ్ళి.
హాలు అద్దె నాలుగింటి దాకానే,
అందుకని ముహూర్తం మూడున్నరకి కుదిరింది.
పంతులు వేషగాడు మంత్రం మర్చిపోయి
ఒంట్లు చదివేశాడు, పైన సన్నాయి వేస్తాం లెమ్మన్నారు.
పెళ్ళికొడుకు కంగారులో
మైకు తీగక్కూడా ఓ ముడి వేసేశాడు.
కట్.
మళ్ళీ పెళ్ళి.
అలా ఏడుసార్లు.
ఏడుసార్లూ మేం ముక్కున వేలేసుకున్నాం.

నవ్వాపుకోలేక చచ్చాను గానీ
ఐదోసారికి గుర్తొచ్చింది,
నా పెళ్ళీ పదకొండు రోజుల్లో అయిపోయిందే.
మా అయ్యదీ అదే మాట.
తలొంచుకునే కూర్చున్నాను,
రెప్పల సందులోంచి మాత్రం వెతికాను
ఎవరా నలుగురని.
ఒకాయన సైకిలు తాళానికి జేబులు తడుముకుంటున్నాడు.
ఒకావిడకి వంజరం పులుసులో ముక్క తగల్లేదు.
పోర్టు వైపు గాలికి ఎర్రదుమ్ము
అందరి తెల్లచొక్కాల మీదా వాలుతోంది.
నన్ను చూసింది ఫొటో అతనొక్కడే,
అదీ గెడ్డం ఎత్తమనడానికి.

ఇక్కడ చెంగు చాటున
సన్యాసమ్మ నాతో అన్నది:
"బీపీ బిళ్ళ ఏసుకోనేదే."
నేను అన్నది: "చెప్పు తెగిపోనాది."
ఎర్నిబాబు గారైతే ఇరవై ఎనిమిది బస్సు
ఎన్నింటికో అడిగాడు, గొప్ప అసహ్యంగా మొహం పెట్టి.

రాత్రి టీవీలో నా మొహం
గోడంత కనబడింది. మూడుసార్లు పిడుగు పడింది.
మనవరాలు జడుసుకుంది.
"అమ్మమ్మా, ఆ పిల్లని సూసి ఏటనుకున్నావే?"
"ఏటనుకుంటానే, ఆకలేసింది."

అదే రాత్రి పదిన్నరకి
పక్కింటి కుందన ఎవరి బండో దిగింది.
నా ఒక కనుబొమ్మ దానంతటదే లేచింది.
చెంగు నోటి దాకా వచ్చేసింది.

ఆరొందలు ఎవరిస్తారని
దించేశాను.