నోట్లో మంచు

నేను చచ్చిపోయింది జనవరి పదిహేడున,
పొద్దున పదకొండున్నరకి,
మైనస్ నలభై ఎనిమిదిలో.
చంపింది మిచిల్,
బడి బాయిలర్లో బొగ్గు వేసే కుర్రాడు.
ఒక ఆడగుర్రాన్ని అమ్మి కెమెరా కొన్నాడు,
దాని పిల్లనమ్మి మైకు.
వాళ్లమ్మ అప్పుడేమీ అనలేదు.
కథలో గుర్రం కావలసివచ్చి
కొన్నవాడి దగ్గరికే వెళ్లి
అదే గుర్రాన్ని అద్దెకి అడిగినప్పుడు మాత్రం
మూడు రోజులు మాట్లాడలేదు.

మా యకూతియాలో సినిమా అంటే ఇంతే.
మాస్కో నుంచి మనుషులూ రారు, డబ్బూ రాదు.
పోస్టాఫీసు కిటికీలోంచి పింఛన్లు లెక్కపెట్టి ఇచ్చే నన్ను
"ఒగ్దో అక్కా, నీ మొహం బావుంటుంది" అన్నాడు.
ముప్పై ఏళ్లలో ఎవరూ అనని మాట.
పొంగిపోయి సరేనన్నాక చెప్పాడు,
శవం వేషమని.

ట్రాక్టర్ ఉయిబాన్ జనరేటర్ తెచ్చాడు,
డీజిలుకి రెండు క్యాన్ల మీగడ జమకట్టుకున్నాడు.
కెమెరా పట్టే కెస్కిల్
బ్యాటరీలు చంకల్లో పెట్టుకుని
పొదిగే కోడిలా కదలకుండా కూర్చున్నాడు.
నెత్తురికని అడవిపళ్ల జామ్ పూశారు.
నిమిషంలో గడ్డకట్టి టక్కుమని ఊడిపడింది.
ఎవరిదో కుక్క వచ్చి నా గాయాన్ని తినేసింది.
ఇంకో సీసా లేదు.
"సరే, గుండె ఆగి పోయావు" అన్నాడు మిచిల్,
నిలబడ్డచోటే కథ మార్చేసి.

అసలు చిక్కు ఊపిరితో.
మా చలిలో ఊపిరి కంటికి కనిపిస్తుంది,
పొయ్యి మీది గిన్నెలా పొగలు కక్కుతూ
బతికున్నావని ఊరంతటికీ చాటుతుంది.
"నోట్లో మంచు పెట్టుకో అక్కా,
లోపల చల్లబడితే ఆవిరి రాదు."
గుప్పెడు కుక్కుకున్నాను.
పళ్లు జివ్వుమన్నాయి, నాలుక నాది కాకుండా పోయింది.
పైన ఆకాశం విరిగిన పాలలా ఉంది.

నా ముగ్గురు కొడుకులూ చుట్టూ నిలబడ్డారు,
లెక్కల మాస్టారు పెద్దకొడుకు.
మన భాషలో ఏడవాలన్నాడు మిచిల్.
బళ్లో, కాగితాల్లో రష్యన్ మాట్లాడీ మాట్లాడీ
మాస్టారికి ఏడుపు కూడా రష్యన్‌లోనే వచ్చింది.
కట్.
రెండోసారి మోకాళ్ల మీద పడి
"ఇయే" అన్నాడు. అమ్మా అని.
అంతే, ఇంకేమీ అనలేదు.
నాకు పిల్లల్లేరు.
నోట్లో మంచు కరిగిపోయింది.

మార్చిలో ఊరి క్లబ్బులో వేశారు,
టికెట్టు లేదు, తలుపు దగ్గర టోపీ పెట్టారు.
గోడ మీద నేను పడి ఉన్నాను
వాకిలంత మొహంతో.
పెదవి మూలనుంచి సన్నగా ఒక తెల్లని పోగు
లేచి, కాస్త నిలబడి, పోయింది.
వెనక బెంచీలో ఖబిరీస్ తాత లేచాడు.
"ఊపిరుందిరా! ఏదైనా కప్పండ్రా!"
ఎవరూ నవ్వలేదు.
ముందు వరసలో ఒకావిడ నిజంగానే శాలువా తీసింది.

ఎందుకు తీసెయ్యలేదని మిచిల్‌ని అడిగాను.
"ఇంకో టేకుకి బ్యాటరీ లేదక్కా."
అబద్ధం.
ఎడమ చంకలో ఇంకొకటి వెచ్చగానే ఉందని
కెస్కిల్ తర్వాత చెప్పాడు.

ఇప్పుడు పింఛనుకి వచ్చేవాళ్లు
ముందు నా నోటికేసి చూస్తారు.
అదివరకు "డబ్బొచ్చిందా" అనేవాళ్లు
"ఎలా ఉన్నావు ఒగ్దో" అంటున్నారు.
వచ్చింది, సంతకం పెట్టండి, అంటాను
అలవాటు కొద్దీ.