ముప్ఫై తొమ్మిదో అడుగు

మా నాయనమ్మ కాశింబీకి
చావంటే భయం లేదు.
పరీక్షంటే భయం.

బడి మెట్టెక్కని మనిషి.
మిరప తొడాలు తీసి తీసి వేలిముద్రలు అరిగిపోతే
రేషన్ మిషను నాలుగుసార్లు నొక్కించుకుని
ఈమె ఈమె కాదని తేల్చేసిన మనిషి.
అలాంటామెని
మట్టి కప్పిన కాసేపటికే ఇద్దరొచ్చి
లేపి కూర్చోబెట్టి
మూడు ప్రశ్నలడుగుతారని చిన్నప్పుడెవరో చెప్పారు.
మున్కర్, నకీర్.
నల్లటి ఒళ్ళు, నీలి కళ్ళు, ఉరిమే గొంతు.

"ఏ భాషలో అడుగుతార్రా?"

మాది దూదేకుల ఇల్లు.
నమాజుకి అరబ్బీ, నికాకి ఉర్దూ.
ఏడవాలన్నా తిట్టుకోవాలన్నా
పక్కింట్లో చారెడు చింతపండు అడగాలన్నా తెలుగే.
ఆనందపేటలో హజరత్ గారినీ అడిగింది, గుమ్మం బయట నిలబడి.
"అక్కడ అందరికీ అర్థమవుతుందమ్మా" అన్నాడాయన.
"రేషన్ షాపులోనూ అట్లాగే చెప్పారు" అని వచ్చేసింది.

అందుకని కరెంటు పోయిన రాత్రుల్లో
నేను నకీర్ని.
మంచం కోడు మీద తట్టి, గొంతు లావు చేసి
"మన్ రబ్బుక?" అనేవాణ్ణి.
"మన రబ్బే" అనేది.
"కాదు నాయనమ్మా, మన్ అంటే ఎవరు అని.
నీ రబ్బు ఎవరు అని అడుగుతున్నారు."
"అడిగేవాడే మన అంటుంటే
నేను కాదంటానా ఏంటి?"

రెండో ప్రశ్నకి రాకుండానే నిద్రపోయేది.

భుజాల మీద కూర్చుని రాసుకునే ఇద్దరితో మాత్రం
ఆమెకి బాగా చనువు.
యార్డు నుంచి తేజ కాయల టిక్కీలు దిగిన రోజు
వీధి వీధంతా దగ్గుతుంటే
ఎడమ భుజం కొంగుతో దులిపి
"ఈ ఘాటుకి తుమ్మలేక వీడు
నా తప్పులు సగం వదిలేసుంటాడు" అని నవ్వేది.
తర్వాత కుడి భుజం వంక చూసి
కాసేపు చేతులాపి
"వీడూ తుమ్మే ఉంటాళ్ళే" అనేది.

మలకుల్ మౌత్ ఎలా వచ్చాడో నేను చూళ్ళేదు.
బ్రాడీపేటలో ఒకాయన గుమ్మంలో
పరుపు కుట్టిన డబ్బుల కోసం నిలబడి ఉన్నాను.
వచ్చేసరికి గడ్డం కింద గుడ్డ కట్టేశారు.
గుసుల్ చేయించిన ఆడవాళ్ళు
చేతులు కొబ్బరినూనెలో ముంచుకుని కూర్చున్నారు.
మండుతున్నాయంట.
ఏడుసార్లు కడిగినా
ఆమె వేళ్ళలోంచి మిరపకాయ పోలేదని
ఖైరూన్ అత్త నాతో చెప్పి, కళ్ళు తుడుచుకోబోయి, ఆగింది.

మే నెల. నల్లరేగడి బెత్తెడు వెడల్పున పగిలి ఉంది.
మూడు పిడికిళ్ళు వేశాను. మూడోది గడ్డ,
పలకల మీద పడి చప్పుడైంది.

ఇక్కడి నుంచి నలభై అడుగులు.
అంతవరకూ పోయినామె
మన చెప్పుల చప్పుడు వింటూ ఉంటుందట.
ఆ చప్పుడు ఆగాకే వాళ్ళొస్తారట.

లెక్కపెట్టాను.
పదిహేను దగ్గర జిలానీ బాబాయి బీడీ కోసం జేబు తడిమాడు.
ఇరవై ఏడు దగ్గర ఎవరో వానల సంగతి ఎత్తారు.
ముప్ఫై తొమ్మిది.
ఆగాను.
తెగని చెప్పు తెగినట్టు వంగి
బొటనవేలి దగ్గర వారు పట్టుకుని కూర్చున్నాను.

"ఏమైందిరా?" అన్నాడు బాబాయి.

"చెప్పు" అన్నాను.
ఆయన నా కాలి వంక చూశాడు.
నేను వెనక్కి తిరిగి, కొంచెం గట్టిగా
"చెప్పు" అన్నాను.

గేటు బయట యార్డుకి పోయే లారీ దాటింది.
అందరూ తువ్వాళ్ళు ముక్కులకడ్డం పెట్టుకున్నారు.
నేను తుమ్మాను. ఎడమ భుజం తడుముకున్నాను,
ఆడిన అబద్ధం ఎంతవరకు రాశాడో ఏమోనని.
తర్వాత లేచి
ఆ ఒక్క అడుగూ వేశాను.